పోలరైజేషన్ అంటే ఏ పోలరైజేషన్?

1956లో లయనెల్ జాఫీ అనే అమెరికన్ జీవశాస్త్రజ్ఞుడు ఒక చిన్న పరిశోధన పత్రం ప్రచురించాడు. శీర్షికను తెలుగులో చెప్పుకుంటే ‘ఫ్యూకస్ ధ్రువత్వంపై ధ్రువిత కాంతి ప్రభావం’. ఒకే శీర్షికలో ధ్రువం రెండుసార్లు వచ్చింది, రెండు చోట్లా అర్థం వేరు. ధ్రువత్వం అంటే కణానికి ఈ కొస వేరు, ఆ కొస వేరు అనే తేడా ఏర్పడటం. ధ్రువిత కాంతి అంటే అన్ని దిక్కులకూ కాకుండా ఒకే దిశలో కంపించే కాంతి. పదేళ్ల తర్వాత, 1966లో, జాఫీ అవే ఫ్యూకస్ గుడ్ల గుండా కరెంటు ప్రవహిస్తోందని కొలిచి చూపించాడు. దాంతో విద్యుత్తు శాస్త్రం వాడే మూడో అర్థం కూడా అదే గుడ్డు దగ్గరికి వచ్చి చేరింది.

ఈ గుడ్డును కాస్త దగ్గరగా చూడాలి. ఫ్యూకస్ చల్లటి సముద్రాల ఒడ్డున రాళ్లను పట్టుకుని పెరిగే గోధుమరంగు నాచు. దాని గుడ్డు దాదాపు గుండ్రంగా, మిల్లీమీటరులో పదో వంతుకు మించకుండా ఉంటుంది. నీళ్లలోకి విడుదలైనప్పుడు దానికి పైన, కింద అనేవేవీ ఖరారై ఉండవు. ఫలదీకరణ జరిగాక ఒక పక్క నుంచి వెలుతురు పడితే, నీడ పడిన పక్క కొన్ని గంటల్లో చిన్న బొడిపెలా ఉబ్బుతుంది. రాయిని పట్టుకునే వేరులాంటి భాగం అక్కడి నుంచే పుడుతుంది. మిగతా మొక్క రెండో పక్క నుంచి వస్తుంది. ఒక రోజు గడిచి గుడ్డు రెండు కణాలుగా విడిపోయేసరికి ఈ పంపకం పూర్తయిపోతుంది. జాఫీ పై నుంచి ధ్రువిత కాంతిని పంపితే, బొడిపెలు ఆ కాంతి కంపించే దిశ వెంబడే వచ్చాయి. కొన్ని గుడ్లకైతే ఎదురెదురుగా రెండు బొడిపెలు లేచాయి. కాంతిని పీల్చుకునే అణువులు గుడ్డు లోపల ఇష్టం వచ్చినట్టు చెల్లాచెదురుగా లేవని, పై పొర దగ్గర ఒక వరుసలో అమరి ఉన్నాయని దీన్నిబట్టి ఆయన ఊహించాడు. 1966 ప్రయోగంలో సన్నటి గాజు గొట్టంలోకి గుడ్లను వరుసగా ఎక్కించి, ఒక చివర నుంచే వెలుతురు వేశాడు. ఒక్కో గుడ్డులోని వోల్టేజి కొలవలేనంత చిన్నది. బ్యాటరీలను వరుసగా పేర్చినట్టు పేర్చేసరికి అవన్నీ కలిసి కొలతకు అందాయి. ధనావేశం బొడిపె కొస నుంచి లోపలికి వెళ్తోందని తేలింది.

పోలరైజేషన్ అనే ఒక్క మాట ఇన్ని అర్థాలతో ఒకే కణం దగ్గరికి ఎలా చేరింది? అది నాలుగైదు శాస్త్రాల గుండా వచ్చింది. దారిలో చాలాసార్లు ఒకటే జరిగింది. పేరు పెట్టినప్పటి ఊహ పోయింది, పేరు మాత్రం ఉండిపోయింది.

మొదట కాంతి. 1808లో పారిస్‌లో ఎతియెన్ లూయీ మాల్యూస్ తన ఇంట్లోంచి, లక్సంబర్గ్ ప్యాలెస్ కిటికీ అద్దాల మీద మెరుస్తున్న సూర్యకాంతిని ఒక కాల్సైట్ స్ఫటికంలోంచి చూశాడు. ఆ స్ఫటికం మామూలుగా ప్రతి వస్తువునూ రెండుగా చూపిస్తుంది. అద్దం మీద పరావర్తనం చెంది వచ్చిన కాంతిలో మాత్రం, స్ఫటికాన్ని తిప్పేకొద్దీ ఆ రెండు బింబాల్లో ఒకటి మసకబారింది. అప్పటికి కాంతి అంటే కణాల ధార అని చాలామంది నమ్మకం. అయస్కాంతానికి ఉన్నట్టు ఆ కణాలకూ ధ్రువాలున్నాయని, అవన్నీ ఒకవైపు తిరిగి నిలబడ్డాయని అనుకుని మాల్యూస్ ‘పోలరైజేషన్’ అని పేరు పెట్టాడు. ఆ తర్వాత కాంతి తరంగమని రుజువైంది, ఆయన ఊహించిన ధ్రువాలు లేవని తేలింది. పేరును మాత్రం ఎవరూ మార్చలేదు.

తెలుగులోకి వచ్చేటప్పుడు ఈ మాటకు ఇంకో చిక్కు ఎదురైంది. ధ్రువం అనగానే మనకు కదలని నక్షత్రం గుర్తొస్తుంది. స్థిరం, నిశ్చయం అనేవే ఆ మాటకు అసలు అర్థాలు. అందుకే ధ్రువీకరణ అంటే మనకు ‘నిజమేనని ఖాయం చేయడం’, ధ్రువీకరణ పత్రం అంటే సర్టిఫికెట్. అలా ఆ రూపం ముందే ఖర్చయిపోవడంతో పాఠ్యపుస్తకాలు ధ్రువణం, విధ్రువణం అనే మాటలు తీసుకున్నాయి. నా మటుకు ఇది మంచి ఎంపికే. కాకపోతే కాంతికీ, నరానికీ, కణం ఆకారానికీ ఒకే ధ్రువణం వాడితే ఇంగ్లీషులో ఉన్న తికమక అలాగే మనకూ వచ్చిపడుతుంది.

శరీరధర్మ శాస్త్రానికి ఈ మాట కాంతి నుంచి రాలేదు, బ్యాటరీ నుంచి వచ్చింది. పందొమ్మిదో శతాబ్దం మొదట్లోని బ్యాటరీల్లో కాసేపటికే కరెంటు పడిపోయేది. లోహపు పలక మీద హైడ్రోజన్ బుడగలు పేరుకోవడం అందుకు ఒక కారణం. దీన్ని ఎలక్ట్రోడ్ పోలరైజేషన్ అన్నారు. బుడగలు పేరుకోకుండా చేసే పదార్థం డీపోలరైజర్ అయింది. కప్ప కండరం మీదా నరం మీదా తీగలు ఆనించి సన్నటి కరెంటును కొలవాలనుకున్నవాళ్లకు ఈ పోలరైజేషన్ రోజూ ఎదురయ్యే తలనొప్పి. కొలిచే పరికరమే తన సొంత వోల్టేజిని కలిపేస్తుంటే, కప్పది ఎంతో పరికరానిది ఎంతో ఎలా తెలుస్తుంది? బెర్లిన్‌లో ఎమిల్ డుబ్వా రేమాన్ పోలరైజ్ కాని ఎలక్ట్రోడ్లు తయారు చేసుకోవడానికే ఎంతో శ్రమ పెట్టాడు. అలా ఈ మాట ప్రయోగశాలలో అందరి నోటా నలిగింది.

1902లో యూలియస్ బెర్న్‌స్టైన్ తన పొర సిద్ధాంతాన్ని ప్రకటించాడు. ఊరికే ఉన్న నరకణం పొర పొటాషియాన్ని మాత్రమే దాటనిస్తుంది కాబట్టి పొర లోపలివైపు రుణావేశం, బయటివైపు ధనావేశం నిలుస్తాయని అన్నాడు. అంటే పొరకు రెండు ధ్రువాలు, అది పోలరైజ్ అయి ఉంది. సంకేతం వచ్చినప్పుడు పొర ఒక్క క్షణం అన్ని అయాన్లనూ దాటనిస్తుందని, దాంతో లోపలికీ బయటికీ ఉన్న తేడా చెరిగిపోతుందని ఊహించాడు. ధ్రువాలు పోయాయి కనుక విధ్రువణం. ఆ ఊహకు ఆ పేరు అతికినట్టు సరిపోయింది.

తేడా ఎంత ఉంటుందంటే, చాలా నరకణాల్లో లోపల సుమారు -70 మిల్లీవోల్టులు. వినడానికి ఏమంత పెద్ద అంకె కాదు. కానీ పొర మందం ఏడెనిమిది నానోమీటర్లే. ఆ కాస్త మందంలో అంత తేడా అంటే సెంటీమీటరుకు సుమారు లక్ష వోల్టుల లెక్క. మన ప్రతి నరకణమూ అంత బిగువును మోస్తూ ఉంటుంది. ఈ లెక్క చూసిన ప్రతిసారీ నాకు ఆశ్చర్యం తగ్గదు.

1939లో అలన్ హాడ్జ్‌కిన్, ఆండ్రూ హక్స్‌లీ ఇంగ్లండ్‌లోని ప్లిమత్‌లో స్క్విడ్ అనే సముద్రజీవి నరతంతువు లోపలికి నేరుగా ఎలక్ట్రోడ్‌ను దూర్చారు. ఆ తంతువు అర మిల్లీమీటరు దాకా లావు ఉంటుంది కాబట్టే అది సాధ్యమైంది. సంకేతం వెళ్లేటప్పుడు వోల్టేజి సున్నా దగ్గర ఆగుతుందని బెర్న్‌స్టైన్ లెక్క. అది ఆగలేదు. సున్నా దాటి సుమారు +40 మిల్లీవోల్టులకు వెళ్లింది. అంటే ధ్రువాలు చెరిగిపోలేదు, తారుమారయ్యాయి. ఆ వెంటనే యుద్ధం రావడంతో పని ఆగింది. సోడియం లోపలికి దూసుకురావడమే కారణమని తర్వాత నిరూపించి, 1952లో పూర్తి వివరణ ఇచ్చారు. 1963లో జాన్ ఎకిల్స్‌తో కలిసి నోబెల్ అందుకున్నారు. అయినా పేరు విధ్రువణంగానే మిగిలింది. ఇప్పుడు ఆ మాటకు అసలు అర్థం ‘లోపలి వోల్టేజి సున్నా వైపు, వీలైతే ఇంకా పైకి జరగడం’. ఇంకా రుణాత్మకంగా దిగిపోతే అతిధ్రువణం, మళ్లీ మొదటికి వస్తే పునర్ధ్రువణం.

విధ్రువణం అంటే పని మొదలవడం, అతిధ్రువణం అంటే పని ఆగడం అని చాలామంది గుర్తుపెట్టుకుంటారు. ఇది తప్పని మన కన్నే చూపిస్తుంది. మన రెటీనాలోని రాడ్ కణం చీకట్లో సుమారు -40 మిల్లీవోల్టుల దగ్గర ఉంటూ రసాయన సంకేతాన్ని వదులుతూనే ఉంటుంది. వెలుతురు పడితే అతిధ్రువణం చెంది దాన్ని తగ్గించేస్తుంది. వెన్నెముక ఉన్న జంతువుల చూపు ఇలాంటి తగ్గుదలతోనే మొదలవుతుంది.

ఈసీజీ రిపోర్టు ద్వారా ఈ మాట మామూలు మనుషుల చేతిలోకీ వచ్చింది. ఈసీజీలో పి తరంగం గుండె పై గదుల విధ్రువణం, క్యూఆర్ఎస్ కింది గదుల విధ్రువణం, టి తరంగం కింది గదుల పునర్ధ్రువణం. రిపోర్టులో ‘రీపోలరైజేషన్ మార్పులు’ అని కనిపించగానే టెన్షన్ పడేవాళ్లను చూశాను. గుండె కండరం మళ్లీ పాత వోల్టేజికి వచ్చే తీరులో తేడా కనిపించిందన్నదే ఆ మాటకు అర్థం. అది ఒక రోగం పేరు కాదు. దాన్ని ఎంత పట్టించుకోవాలో లక్షణాలు, మిగతా పరీక్షలు చూసి డాక్టర్ చెప్పాలి.

రూపానికి సంబంధించిన ధ్రువత్వం కథ వేరే దారిలో నడిచింది. 1740ల్లో అబ్రహాం ట్రెంబ్లీ హైడ్రాను ముక్కలుగా కోస్తే ముక్క ముక్కా పూర్తి హైడ్రా అయింది. తల మాత్రం ఎప్పుడూ అంతకుముందు తల ఉన్న వైపే మొలిచింది. 1878లో హెర్మన్ ఫెష్టింగ్ విల్లో కొమ్మల ముక్కలను తేమగాలిలో తలకిందులుగా వేలాడదీశాడు. అయినా వేర్లు మొదట్లో కింద ఉన్న కొసకే వచ్చాయి. పై కొస ఏదో, కింది కొస ఏదో కొమ్మకు గుర్తుంది. అది ఒక్కో కణంలోనూ రాసి ఉందా అన్న ప్రశ్నకు అణువుల భాషలో జవాబు రావడానికి మరో వందేళ్లు పట్టింది. 1988లో కెనెత్ కెంఫ్యూస్ బృందం సీ. ఎలిగన్స్ అనే చిన్న పురుగులో పార్ జన్యువులను గుర్తించింది. అవి చెడితే గుడ్డు తొలి విభజనలో రెండు వేర్వేరు కణాలు రావాల్సిన చోట రెండూ ఒకేలా వస్తాయి. అదే కుటుంబపు ప్రోటీన్లు మన శరీరంలోనూ పని చేస్తున్నాయి. పేగు లోపలి కణం తిండివైపు ఒకలా, రక్తంవైపు మరోలా ఉండాలి. ఈ రెండు వైపుల తేడా వైరస్‌లకూ తెలుసు. కల్చర్‌లో పెంచిన ఇలాంటి కణాల్లో ఇన్‌ఫ్లుయెంజా వైరస్ పైవైపు నుంచే బయటికి మొలుస్తుందని 1978లో చూశారు.

చెవి లోపలి రోమకణంలో ఈ రెండు కథలూ కలుస్తాయి. ఆ కణం తల మీద సన్నటి రోమాలు మెట్లలా, ఒక పక్క పొట్టిగా, రెండో పక్క పొడుగ్గా నిలబడి ఉంటాయి. పొడుగు రోమాల వైపు వంచితే కణం విధ్రువణం చెందుతుంది. పొట్టి వైపు వంచితే అతిధ్రువణం. పక్కకు అడ్డంగా వంచితే దాదాపు ఏమీ జరగదు. అంటే కణం ఏ దిక్కు తిరిగి నిలబడిందనేది ఒక ధ్రువత్వం, అది పుట్టించే వోల్టేజి మరో ధ్రువణం. మొదటిది చెడితే రెండోది అర్థం లేని సంకేతం అవుతుంది. రోమాలను ఒకే దిక్కుకు నిలబెట్టే జన్యువుల్లో కొన్ని ఈగ రెక్క మీది వెంట్రుకలను సరిచేసే జన్యువులకు దగ్గరి బంధువులే. 2003లో ఎలుకల్లో అలాంటి వాటిని చెడగొడితే రోమకణాలు తలో దిక్కూ తిరిగిపోయాయి.

కాంతి అర్థం కూడా జీవశాస్త్రంలో బతికే ఉంది. తేనెటీగలు ఆకాశంలోని ధ్రువిత కాంతిని చూసి దిక్కు తెలుసుకుంటాయని 1949లో కార్ల్ ఫాన్ ఫ్రిష్ చూపించాడు. కీళ్లలోంచి తీసిన ద్రవంలో గౌట్ అనే కీళ్ల జబ్బు స్ఫటికాలను ఇప్పటికీ ధ్రువిత కాంతి మైక్రోస్కోపు కిందే వెతుకుతారు.

ఈ మాట చివరగా చేరింది రోగనిరోధక శాస్త్రానికి. నాకు దిగులు కలిగించేది కూడా ఇక్కడే. 1986లో మాస్‌మన్, కాఫ్‌మన్ ఎలుకల సహాయక టి కణాలను (ఇవి ఒక రకం తెల్ల రక్తకణాలు) అవి విడుదల చేసే రసాయనాలను బట్టి రెండు రకాలుగా విడదీశారు. టిహెచ్1, టిహెచ్2. కణం ఈ రెంటిలో ఒక దారి పట్టడాన్ని పోలరైజేషన్ అన్నారు. కానీ టి కణం శత్రుకణాన్ని తాకినప్పుడు లోపలి యంత్రాంగాన్నంతా ఆ వైపు తిప్పుకోవడాన్నీ అప్పటికే పోలరైజేషన్ అనేవారు. ‘పోలరైజ్ అయిన టి కణం’ అని విడిగా రాస్తే ఏదనుకోవాలో పక్క వాక్యం చదివితే గానీ తెలియదు.

2000లో చార్ల్స్ మిల్స్, ఆయన సహచరులు ఇదే జంట నమూనాను సూక్ష్మజీవులను మింగే రక్షణ కణాలైన మాక్రోఫేజ్‌లకు తెచ్చారు. ఒక జాతి నల్ల ఎలుకల మాక్రోఫేజ్‌లు ఆర్జినిన్ అనే అమైనో ఆమ్లాన్ని సూక్ష్మజీవులను చంపే నైట్రిక్ ఆక్సైడ్‌గా మారుస్తున్నాయి. మరో జాతి తెల్ల ఎలుకలవి దాన్నే కణజాలం బాగుకు పనికొచ్చే ఆర్నిథిన్‌గా మారుస్తున్నాయి. మొదటివి ఎం1, రెండోవి ఎం2 అన్నారు. చెప్పడానికి తేలిక, గుర్తుంచుకోవడానికి తేలిక. ఒకటి కొట్లాడేది, ఒకటి గాయం మాన్పేది. కొన్నేళ్లలో కేన్సర్, ఊబకాయం, గాయాలు, దేని గురించి రాసినా ఎం1, ఎం2 వచ్చేశాయి.

పొరకు నిజంగా రెండు వైపులున్నాయి, ఫ్యూకస్ గుడ్డుకు నిజంగా రెండు కొసలున్నాయి. మాక్రోఫేజ్‌కు అలాంటి రెండు కొసలు ఉన్నాయని అనుకోవడానికి బలం ఆ మాటే ఇచ్చింది. 2014లో ఒక బృందం మనిషి మాక్రోఫేజ్‌లకు దాదాపు 30 రకాల ప్రేరకాలు ఇచ్చి, 299 నమూనాల్లో జన్యువుల పనితీరు చూసింది. అవి రెండు గుంపులుగా విడిపోలేదు, ఒక రేఖ మీద కూడా నిలబడలేదు. నలుదిక్కులా పరుచుకున్నాయి. శరీరంలో ఒకే కణం ఒకేసారి ఎం1 గుర్తులూ, ఎం2 గుర్తులూ చూపించడం కూడా కొత్త సంగతి కాదు.

అదే ఏడాది ఈ రంగంలోని పలువురు పరిశోధకులు కలిసి నామకరణంపై సూచనలు ప్రచురించారు. ఊరికే ఎం1, ఎం2 అని రాయకుండా, కణానికి ఏ పదార్థం ఇచ్చారో దాన్నే పేరు పక్కన చేర్చమన్నారు. ఇంటర్‌ల్యూకిన్-4 ఇస్తే ఎం పక్కన ఐఎల్-4 అని రాయాలి, బ్యాక్టీరియా పై పొర నుంచి తీసిన పదార్థం ఇస్తే దాని పేరు రాయాలి. ఆ పద్ధతిలో రాసిన పత్రం చదివితే ప్రయోగంలో ఏం చేశారో మొదటి వాక్యంలోనే తెలిసిపోతుంది. ఎం1, ఎం2 మాత్రం ఇంకా శీర్షికల్లో వస్తూనే ఉన్నాయి.