ఏఎన్‌ఏ పాజిటివ్ వస్తే లూపస్ ఉన్నట్టేనా?

మునుగోడు, మర్రిగూడ వైపు ఏ ఊరికి పోయినా కీళ్ల నొప్పుల బాధ వినబడుతుంది. ఏళ్ల తరబడి ఫ్లోరైడ్ నీళ్లు తాగి నడుం, మెడ బిగుసుకుపోయినవాళ్లు, చికున్‌గున్యా తగ్గి నెలలైనా పిడికిలి ముడవలేనివాళ్లు, వంగి నాట్లేసి నడుం పోయినవాళ్లు. ఇలాంటివాళ్లు నల్లగొండకొచ్చి చేయించుకునే రక్తపరీక్షల్లో ఇప్పుడు ఏఎన్‌ఏ (యాంటీ న్యూక్లియర్ యాంటీబాడీ) కూడా కనబడుతోంది. రిపోర్టులో 'పాజిటివ్' అని ఉంటే ఇంటిల్లిపాదికీ టెన్షన్. ఫోన్‌లో వెతికితే ముందు కనబడేది లూపస్, అంటే మన రోగనిరోధక శక్తే మన ఒంటి మీద తిరగబడే జబ్బు. ఆ ఒక్క కాగితం చూసి భయపడాల్సిన పనిలేదు. దాన్ని చూసి స్టెరాయిడ్లు మొదలుపెట్టడం అంతకంటే ప్రమాదం.

బయటినుంచి వచ్చే క్రిములను పట్టుకోవడం యాంటీబాడీల పని. వాటిలో కొన్ని మన కణాల కేంద్రకంలో ఉండే డీఎన్‌ఏకి, ప్రొటీన్లకే అతుక్కుంటాయి. ఏఎన్‌ఏ పరీక్ష వెతికేది వీటినే. రక్తం నుంచి తీసిన సీరాన్ని పలచన చేసి, ల్యాబ్‌లో పెంచిన మనిషి కణాలు ఉన్న గాజు పలక మీద వేస్తారు. కాసేపుంచి కడిగి, మెరిసే రంగు తగిలించిన మరో యాంటీబాడీ వేసి, మళ్లీ కడుగుతారు. చీకటి గదిలో మైక్రోస్కోప్ కింద కేంద్రకాలు ఆకుపచ్చగా మెరిస్తే పాజిటివ్. తర్వాత 1:40 (నలభైలో ఒక వంతు సీరం), 1:80, 1:160 అంటూ రెట్టింపు పలచన చేస్తూ పోతారు. ఎంత పలచన చేసినా మెరుపు పోలేదంటే యాంటీబాడీలు అంత ఎక్కువున్నట్టు. మెరుపు ఎక్కడ ఆగిందో చాలాచోట్ల కంటితో చూసే చెబుతారు. అందుకే ఒకే రక్తానికి ఒకచోట 1:80, ఇంకోచోట 1:160 రావడం మామూలే.

1997లో పలు దేశాల ల్యాబ్‌లు కలిసి ఆరోగ్యంగా ఉన్నవాళ్ల రక్తాన్ని ఇలాగే పరీక్షించాయి. 1:40 దగ్గర 31.7 శాతం మందికి, 1:80 దగ్గర 13.3 శాతం మందికి, 1:160 దగ్గర 5 శాతం మందికి పాజిటివ్ వచ్చింది. లక్షమంది ఉన్న పట్టణంలో 50 మందికి లూపస్ ఉందనుకుందాం. అందరికీ పరీక్ష చేస్తే 1:80 దగ్గర 13 వేల మందికి పైగా పాజిటివ్ వస్తారు. అందులో లూపస్ ఉన్నది ఆ 50 మందికే. వయసు పైబడినా, థైరాయిడ్ జబ్బున్నా, టీబీకి వాడే ఐసోనియాజిడ్ లాంటి మందుల వల్లా పాజిటివ్ రావచ్చు.

మరి ఈ పరీక్ష ఎందుకంటే, లూపస్ ఉన్నవాళ్లలో దాదాపు అందరికీ ఇది పాజిటివే. లూపస్‌ను గుర్తించడానికి 2019లో వచ్చిన అంతర్జాతీయ ప్రమాణాలు ఏఎన్‌ఏ 1:80 లేదా అంతకంటే ఎక్కువ ఉంటేనే మిగతా లక్షణాలను లెక్కేయమన్నాయి. అంటే నెగటివ్ వస్తే ఆ అనుమానం చాలావరకు తీరిపోయినట్టే.

అసలు అనుమానం రావాల్సింది ఒంట్లో కనబడే లక్షణాల నుంచి. పాతికేళ్ల అమ్మాయి పత్తి చేలో ఎండకు నిలబడితే రెండు చెంపల మీదా, ముక్కు మీదా ఎర్రగా దద్దు తేలడం, నోట్లో పుండ్లు, జుట్టు ఊడటం, పొద్దున లేచాక గంటసేపు వేళ్లు కదలకపోవడం, చలికి వేళ్లు తెల్లబడి నీలమవడం, కాళ్లకు నీరు రావడం, మూత్రం నురగ నురగగా పోవడం. లూపస్ ఎక్కువగా వచ్చేది పిల్లలను కనే వయసులోని ఆడవాళ్లకే. ఈ లక్షణాలు ఉంటే ఏఎన్‌ఏతో పాటు మామూలు మూత్రపరీక్ష తప్పకుండా చేయించాలి. ఖర్చు చాలా తక్కువ, పైగా కిడ్నీ దెబ్బతింటుంటే ముందుగా తెలిసేది అక్కడే. ఏఎన్‌ఏ పాజిటివ్ అయితే డీఎస్-డీఎన్‌ఏ (డీఎన్‌ఏకే అతుక్కునే యాంటీబాడీలు), స్మిత్ (కేంద్రకంలోని ఒక రకం ప్రొటీన్లకు అతుక్కునేవి) యాంటీబాడీ పరీక్షలు చేస్తారు. లూపస్‌ను ఖాయం చేయడానికి ఇవి బాగా పనికొస్తాయి. అప్పుడు చూపించుకోవాల్సింది రుమటాలజిస్టుకు, అంటే కీళ్లవాతం, లూపస్ లాంటి జబ్బులు చూసే డాక్టరుకు. హైదరాబాద్ నిమ్స్‌లో ఆ విభాగం ఉంది.

ఫ్లోరోసిస్ సంగతి పూర్తిగా వేరు. దాన్ని ముంజేయి, వెన్ను ఎక్స్‌రేలు, మూత్రంలో ఫ్లోరైడ్ పట్టిస్తాయి, ఏఎన్‌ఏ కాదు. అలాంటి మనిషికి ఏదో కారణంగా 1:80 వచ్చిందని స్టెరాయిడ్లు ఇస్తే ఉన్న ఎముకలూ గుల్లబారతాయి.

ఒకసారి పాజిటివ్ వచ్చాక తగ్గిందేమో చూద్దామని నెలనెలా ఏఎన్‌ఏ చేయించడం దండగ. జబ్బు పెరిగినా తగ్గినా ఆ అంకె దాని వెంట నడవదు. లూపస్ ఖాయమైనవాళ్లకు డాక్టర్లు మళ్లీమళ్లీ చూసేది మూత్రంలో ప్రొటీన్, డీఎస్-డీఎన్‌ఏ, రక్తంలోని సీ3, సీ4 అనే రోగనిరోధక ప్రొటీన్లు, రక్తకణాల లెక్క.