పింఛనుకు సర్వీసు ఏ రోజు నుంచి లెక్క?

దినసరి కూలీగా చేరి, చివరికి రెగ్యులర్ ఉద్యోగిగా రిటైరైన వారి పింఛను ఫైలులో తగాదా అంతా ఒక్క తేదీ దగ్గరే. అతను ముప్ఫై ఏళ్లు పని చేశాడని ఆఫీసులో అందరికీ తెలుసు. ఆ సర్వీసు ఏ రోజు నుంచి మొదలైనట్టు రాయాలన్నదే సమస్య.

పింఛను ప్రభుత్వం దయతలచి ఇచ్చేది కాదు, ఉద్యోగి హక్కు అని 1982 డిసెంబరు 17న నకారా కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. అయితే ఆ హక్కు పొందాలంటే ముందు అర్హత సర్వీసు, అంటే పింఛను లెక్కలోకి వచ్చే సర్వీసు, ఉండాలి. 1980 నాటి ఆంధ్రప్రదేశ్ పింఛను నిబంధనల ప్రకారం అది కనీసం పదేళ్లు. మస్టరు (దినసరి కూలీల హాజరు పట్టీ) మీద పనిచేసిన రోజులను అందులో కలపరు. ఈ విషయంలో కేంద్రం కాస్త నయం. కంటింజెన్సీ నిధుల (రెగ్యులర్ పోస్టుల జీతాలకు కాక, ఇతర ఖర్చులకు ఉంచే నిధుల) నుంచి జీతం తీసుకున్న సర్వీసులో సగాన్ని, ఉద్యోగి తర్వాత రెగ్యులర్ అయితే, పింఛనుకు లెక్కించేందుకు 1968లోనే ఒప్పుకుంది.

ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో మునిసిపాలిటీలు, ఇంజనీరింగ్ శాఖలు ఎన్‌ఎంఆర్‌లను (నామినల్ మస్టరు రోల్ మీద పనిచేసేవారిని), దినసరి వేతన సిబ్బందిని విచ్చలవిడిగా తీసుకున్నాయి. దీన్ని ఆపడానికి 1994లో రెండో నంబరు చట్టం తెచ్చి, దాన్ని 1993 నవంబరు 25 నుంచి వర్తింపజేశారు. అప్పటికే పనిచేస్తున్న వారి కోసం 1994 ఏప్రిల్ 22న జీవో 212 వచ్చింది. ఆ నవంబరు 25 నాటికి అయిదేళ్లు ఎడతెగకుండా పనిచేసి, విద్యార్హతలు ఉండి, ఖాళీ పోస్టు కూడా ఉంటే క్రమబద్ధం చేయవచ్చని దాని సారాంశం.

ఖాళీ పోస్టు చూపడమే కష్టమైంది. శాఖాధిపతి నుంచి ఆర్థిక శాఖకు, అక్కడి నుంచి మళ్లీ కిందికి ఫైళ్లు ఏళ్ల తరబడి తిరిగాయి. ఈలోగా 2004 సెప్టెంబరు 1 నుంచి చేరేవారికి పాత పింఛను లేదంటూ జీవో 653తో సీపీఎస్ (ఉద్యోగి కూడా తన జీతంలోంచి వాటా కట్టే కాంట్రిబ్యూటరీ పింఛను పథకం) వచ్చింది. 1988కి ముందు చేరిన మనిషికి క్రమబద్ధీకరణ ఉత్తర్వు 2008లో అందితే కాగితాల మీద అతను కొత్త ఉద్యోగి! వెనకటి ఇరవై ఏళ్లు సర్వీసు రిజిస్టరులో కనిపించవు. ఆలస్యం ప్రభుత్వానిది, నష్టం ఉద్యోగిది. ఈ వ్యవహారంలో ఇంతకన్నా అన్యాయమైన భాగం నాకు కనిపించలేదు.

కోర్టులు దీన్ని కొంత సరిదిద్దాయి. ఇలాంటి వివాదంలోనే అంతకుముందు తానిచ్చిన ఎం.ఎల్. సింగ్ కేసు తీర్పును అనుసరిస్తూ 2015లో నెల్లూరు కార్పొరేషన్ సిబ్బంది కేసులో సుప్రీంకోర్టు, అయిదేళ్లు నిండిన తేదీ నుంచే క్రమబద్ధం చేయాలని చెప్పింది. ఆ లెక్కన ఉద్యోగి 2004కు ఎంతో ముందే రెగ్యులర్ అయినట్టు. కానీ తీర్పు తెచ్చుకున్న వారికే అమలు చేసి, మిగతావారిని కూడా కోర్టుకు వెళ్లమనడం శాఖలకు పాత అలవాటు.

గెలిచిన తీర్పు నిలుస్తుందన్న భరోసా కూడా లేదు. వర్క్‌ఛార్జ్‌డ్ సర్వీసును (ఫలానా పనికి కేటాయించిన ఖర్చులోంచి జీతం తీసుకుంటూ చేసిన సర్వీసును) పింఛనుకు కలపాలని 2019లో ప్రేమ్‌సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెబితే, ఉత్తరప్రదేశ్ ప్రభుత్వం మరుసటి ఏడాది ఆర్డినెన్సు, 2021లో చట్టం తెచ్చి అర్హత సర్వీసుకు నిర్వచనాన్నే మార్చేసింది. అంతకుముందే, సుప్రీంకోర్టే 2006లో ఇచ్చిన ఉమాదేవి కేసు తీర్పు దొడ్డిదారి నియామకాలను క్రమబద్ధం చేయడానికి గట్టిగా అడ్డుకట్ట వేసింది.

2014 జూన్ 2కు ముందు చేరిన కాంట్రాక్టు సిబ్బంది కోసం ఆంధ్రప్రదేశ్ 2023లో చట్టం చేసింది. అదే ఏడాది ఏప్రిల్ 30న తెలంగాణ 5,544 మందిని క్రమబద్ధం చేసింది. వీరెవరికీ పాత పింఛను లేదు. ఔట్‌సోర్సింగ్ సిబ్బందికి ఆ మాత్రం దారి కూడా లేదు. ఏజెన్సీ పీఎఫ్ కడితే 1995 నాటి ఉద్యోగుల పింఛను పథకమే దిక్కు. అందులో 2014 నుంచి కనీస పింఛను నెలకు 1,000 రూపాయలు.