అప్పీలు తేలకముందే పోయిన సాక్ష్యం: ఇబ్రహీంపట్నం హాస్టల్ కేసు నేపథ్యం

2025 జూన్‌లో సీబీఐ తుది నివేదిక హైకోర్టుకు చేరినప్పటి నుంచి 2007లో ఒక అమ్మాయి హత్యకు గురైన ఇబ్రహీంపట్నం హాస్టల్ కేసు మళ్లీ నలుగుతోంది. నివేదికలో ఏముందో మాకైనా చూపించరా అని తెనాలిలో అమ్మాయి తల్లిదండ్రులు అడుగుతున్నారు. చేయని నేరానికి జైల్లో గడిచిపోయిన ఏళ్లకు ఎవరు జవాబు చెబుతారన్నది ఆ హత్య కేసులో శిక్ష పడి, తర్వాత నిర్దోషిగా బయటికొచ్చిన నందిగామ వైపు కుర్రాడి ప్రశ్న. టీవీ చర్చల్లో ఈ రెంటినీ రెండు వేరే గొడవల్లా నడిపిస్తున్నారు. కానీ కాగితాలు వరసగా చదువుకుంటూ వస్తే రెండూ ఒకే మలుపు దగ్గర కలుస్తాయి. ఆ మలుపు 2007 డిసెంబరు 27 నాటి హత్య కాదు. ఆ తర్వాత కొన్నేళ్లకు, విజయవాడ కోర్టు అధీనంలో ఉన్న కేసు ప్రాపర్టీ, అంటే సాక్ష్యంగా సేకరించిన వస్తువులూ నమూనాలూ, ధ్వంసమైపోవడం.

హత్య జరిగిన తీరు, శవం దగ్గర దొరికిన ఉత్తరం, మొదట్లో పట్టుకుని వదిలేసిన అనుమానితులు, నార్కో పరీక్షల హడావుడి గురించి బెజవాడలో తెలియనివాళ్లు లేరు. అదంతా మళ్లీ తవ్వబోవడం లేదు. ఇద్దరి పేర్లూ కూడా ఇక్కడ రాయడం లేదు. అమ్మాయి పేరు రాయకూడదని చట్టమే చెబుతోంది. కుర్రాడు నిర్దోషి అని హైకోర్టు చెప్పాక కూడా ఆయన పేరు ఎత్తితే జనానికి ముందు ఈ కేసే గుర్తొస్తోంది. ఆ బరువును ఇంకో కథనంతో పెంచడం న్యాయం అనిపించలేదు.

పోలీసుల కథ క్లుప్తంగా ఇది. 2008 ఆగస్టులో సెల్‌ఫోన్ దొంగతనం కేసులో ఒక యువకుణ్ణి పట్టుకున్నారు. విచారిస్తే హాస్టల్ హత్య తానే చేశానని ఒప్పుకున్నాడన్నారు. డీఎన్‌ఏ కలిసిందని, చేతిరాత కలిసిందని చార్జిషీటు వేశారు. 2010 సెప్టెంబరు 29న విజయవాడ మహిళా సెషన్స్ కోర్టు దాన్ని నమ్మి యావజ్జీవ శిక్ష వేసింది. దర్యాప్తు చేసినవారు ఇప్పటికీ ఆ తీర్పునే చూపిస్తారు. పోలీసుల ముందు ఇచ్చిన ఒప్పుకోలు సాక్ష్యంగా చెల్లదని అప్పట్లో అమల్లో ఉన్న 1872 నాటి సాక్ష్య చట్టం 25వ సెక్షనే చెప్పింది. అయినా విలేకరుల సమావేశంలో వినిపించిన ఆ ఒప్పుకోలే ఊరందరి దృష్టిలో తీర్పైపోయింది. కోర్టు తీర్పు రావడానికి ఆ తర్వాత మరో రెండేళ్లు పట్టింది.

హత్య కేసుల్లో చనిపోయినవారి కుటుంబం ప్రాసిక్యూషన్ పక్కన నిలబడుతుంది. నేరస్తుడు దొరికాడంటే ఆ ఇంట్లో కాస్తయినా ఊరట ఉంటుంది. ఇక్కడ అమ్మాయి తల్లి మొదటి నుంచీ చెప్పింది ఒకటే: మా బిడ్డను చంపింది ఈ అబ్బాయి కాదు, అసలువాళ్లను వదిలేసి దిక్కులేని పేదవాణ్ణి తెచ్చి ఇరికించారు. కూతుర్ని పోగొట్టుకున్న తల్లి, ఆ హత్య మోపబడిన కుర్రాడి కోసం ధర్నాల్లో కూర్చుంది, మైకుల ముందు మాట్లాడింది, కోర్టు మెట్లెక్కింది. ఆ కుర్రాడిది పేద దళిత కుటుంబం, ఈమెది ముస్లిం కుటుంబం. కేసు రాకముందు ఒకరినొకరు ఎరగరు. దోషికి శిక్ష పడిందన్న తీర్పు వచ్చిన రోజున కూడా ఆమె మాట మార్చలేదు. అసలువాళ్లు పలుకుబడి గలవాళ్లన్న ఆమె ఆరోపణ కోర్టులో ఎవరి మీదా రుజువు కాలేదు, కాబట్టి అందులోకి వెళ్లడం లేదు. ఈ అబ్బాయి కాదన్న మాట మాత్రం నిలబడింది. నిలబడటానికి 2017 దాకా ఆగాల్సి వచ్చింది.

ఆ మధ్య కాలంలో ఆ యువకుడు గిలన్ బారె సిండ్రోమ్‌తో కాళ్లు చచ్చుబడి హైదరాబాద్ నిమ్స్‌లో చికిత్స పొందాడు. శరీరంలోని రక్షణ వ్యవస్థే నరాల మీద దాడి చేసే జబ్బు ఇది. సాధారణంగా కాళ్లతో మొదలై పైకి పాకుతుంది. గోడ దూకి, అంతమంది అమ్మాయిలున్న హాస్టల్లోకి ఒక్కడే వెళ్లి, ఎవరికీ మెలకువ రాకుండా అంత పని చేసి బయటపడ్డాడన్న కథనం పక్కన ఆ కుర్రాడి స్థితిని పెట్టి చూడమని హక్కుల సంఘాలు ఎన్నిసార్లు అడిగాయో లెక్కలేదు.

2017 మార్చి 31న హైదరాబాద్‌లోని ఉమ్మడి హైకోర్టులో జస్టిస్ సి.వి. నాగార్జునరెడ్డి, జస్టిస్ ఎం.ఎస్.కె. జైస్వాల్ ధర్మాసనం శిక్షను కొట్టేసింది. కుర్రాడికి లక్ష రూపాయలు ఇవ్వమంది. దర్యాప్తు చేసిన పోలీసు అధికారుల మీద చర్యలు తీసుకోమంది. మూడు రోజులు తిరక్కుండానే రాజమహేంద్రవరం సెంట్రల్ జైలు నుంచి ఆయన బయటికొచ్చాడు. లోపలికి వెళ్లేనాటికి ఇరవై దాటి ఎంతో కాలం కాలేదు. ఎనిమిదిన్నరేళ్లకు లక్ష అంటే రోజుకు ముప్పై రూపాయలకు కాస్త ఎక్కువ.

అసలు మలుపు దీని తర్వాతే బయటపడింది.

హత్య ఎవరు చేశారో తేలలేదు కాబట్టి మళ్లీ దర్యాప్తు మొదలైంది. ప్రత్యేక దర్యాప్తు బృందం (సిట్) వేశారు. సిట్ అధికారులు పాత కేసు సామగ్రి కోసం విజయవాడ కోర్టును అడిగితే లేదన్నారు. ధ్వంసం చేసేశారన్నారు. అదీ అప్పీలు హైకోర్టులో ఉండగానే. ఇది చిన్న గుమాస్తా పొరపాటుగా కొట్టిపారేసే విషయం కాదు. విచారణ ముగిశాక కేసు ప్రాపర్టీని ఏం చేయాలో అప్పట్లో అమల్లో ఉన్న క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ 452వ సెక్షన్ చెప్పింది. పాడైపోయే సరుకు, పశువులు, పూచీకత్తు మీద అప్పగించినవి తప్ప మిగతా దేన్నీ రెండు నెలల దాకా ముట్టుకోకూడదు. అప్పీలు వేస్తే అది తేలేవరకూ ముట్టుకోకూడదు. అప్పటికి నూట యాభై ఏళ్లు దాటిన నేర విచారణ పద్ధతి మనది. అందులో ప్రతి కోర్టు ఉద్యోగికీ తెలిసుండాల్సిన నిబంధన ఇది.

ఆ సామగ్రి ఉంటే ఏం జరిగేదో ఆలోచించండి. 2017 తీర్పు, ప్రాసిక్యూషన్ తెచ్చిన సాక్ష్యంతో ఈ కుర్రాడే చేశాడని చెప్పలేమంది. మరి చేసిందెవరో చెప్పడం అప్పీలు కోర్టు పని కాదు. చెప్పాల్సింది కొత్త దర్యాప్తు. 2007లో సేకరించిన వస్తువులూ నమూనాలూ భద్రంగా ఉండుంటే, మెరుగైన డీఎన్‌ఏ పరీక్షకు పంపి రెండు ప్రశ్నలకు ఒకేసారి జవాబు రాబట్టే వీలుండేది. అవి ఈ కుర్రాడివేనా? కాకపోతే ఎవరివి? ఆ ఒక్క జవాబు తల్లికి నేరస్తుణ్ణి చూపించేది. కుర్రాడికి సాక్ష్యం చాలక వదిలేశారన్న గుసగుసను శాశ్వతంగా ఆపేది. ఆ అవకాశాన్ని పోగొట్టింది హంతకుడు కాదు, పోలీసులు కూడా కాదు. న్యాయస్థానం అధీనంలోనే అది పోయింది.

2018 నవంబరులో హైకోర్టు కేసును సీబీఐకి అప్పగించడానికి పెద్ద కారణం ఇదే. హత్య మీద ఒక కేసు, సామగ్రి ధ్వంసం మీద కోర్టు సిబ్బందిపై ఇంకో కేసు నమోదయ్యాయి. కానీ సీబీఐ చేతికి వచ్చింది కాగితాలే. అందుకే 2019 డిసెంబరు 14న తెనాలిలో సమాధి తవ్వాల్సి వచ్చింది. పన్నెండేళ్ల కింద ఖననం చేసిన బిడ్డను బయటికి తీసి మళ్లీ పోస్టుమార్టం చేశారు. తల్లిదండ్రులు నిజం తేలుతుందన్న ఆశతో ఒప్పుకున్నారు. పరీక్షల కోసం తీసుకెళ్లిన అవశేషాలు తిరిగి ఇస్తే మత ఆచారం ప్రకారం అంత్యక్రియలు చేసుకుంటామని ఆ తర్వాత ఏళ్ల తరబడి అడుగుతూనే ఉన్నారు. కోర్టులో సామగ్రి నిలిచి ఉంటే ఆ సమాధి తవ్వే అవసరమే వచ్చేది కాదేమో. ఈ కేసులో నన్ను అన్నిటికన్నా ఎక్కువ బాధపెట్టే సంగతి ఇదే.

ఇక పరిహారం. మన దేశంలో తప్పుడు శిక్ష అనుభవించినవారికి హక్కుగా పరిహారం ఇచ్చే చట్టం లేదు. ఉన్నదల్లా అకారణంగా అరెస్టు చేయించినవారి నుంచి వెయ్యి రూపాయలకు మించకుండా ఇప్పించే పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ 358వ సెక్షన్. దాని స్థానంలో వచ్చిన కొత్త నాగరిక్ సురక్షా సంహితలో కూడా ఆ వెయ్యి అలాగే ఉంది. 1983లో బీహార్‌కు చెందిన రుదుల్ సాహ్ కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగాన్ని ఆధారం చేసుకుని పరిహారం ఇప్పించింది. 2018లో ఇస్రో శాస్త్రవేత్త నంబి నారాయణన్‌కు 50 లక్షలు ఇప్పించింది. అదే ఏడాది లా కమిషన్ 277వ నివేదికలో దీనికి ప్రత్యేక చట్టం, ప్రత్యేక కోర్టులు కావాలంది. చట్టం రాలేదు. 2025 జులైలో తమిళనాడు నుంచి వచ్చిన ఒక ఉరిశిక్ష కేసులో ముద్దాయిని విడుదల చేస్తూ సుప్రీంకోర్టు మళ్లీ ఆ లోటును ఎత్తి చూపింది. డీఎన్‌ఏ నమూనాలను ఎలా భద్రపరచాలో, అప్పీళ్లన్నీ ముగిసేదాకా కోర్టు అనుమతి లేకుండా వాటిని ముట్టుకోకూడదని కూడా ఆ తీర్పులోనే చెప్పింది. బెజవాడలో జరిగింది తెలిసినవాళ్లకు ఆ వాక్యం చదివితే కడుపు తరుక్కుపోతుంది.

తెలుగు నేల మీద దీనికి ఒక పాత అనుభవం ఉంది. మక్కా మసీదు పేలుళ్ల తర్వాత పట్టుకుని, ఆనక నిర్దోషులుగా తేలిన హైదరాబాద్ యువకులకు 2012లో ఉమ్మడి రాష్ట్ర ప్రభుత్వం పరిహారం ఇచ్చింది. 20 మందికి మూడేసి లక్షలు, మరో 50 మందికి ఇరవయ్యేసి వేలు. 2013లో హైకోర్టు ఆ ఉత్తర్వును కొట్టేసింది. కేసు వీగిపోయినంత మాత్రాన పరిహారానికి అర్హత రాదంది. అప్పటి నుంచి అధికారులకు అది మంచి అడ్డుగోడ అయింది. కావాలనే ఇరికించారని నిరూపించుకో, అప్పుడు చూద్దాం అంటారు. నిరూపించడానికి కావలసిన సామగ్రేమో కోర్టులోనే లేకుండా పోయింది.

అయినా ఈ కేసుకు ఆ అడ్డుగోడ వర్తించదని నా అభిప్రాయం. 2013 నాటి తీర్పు ఉత్తి విడుదల గురించి. ఇక్కడ విడుదల చేసిన ధర్మాసనమే దర్యాప్తు అధికారుల మీద చర్యకు ఆదేశించింది, డబ్బు కూడా ఇప్పించింది. ఆ తర్వాత హైకోర్టే సామగ్రి ధ్వంసం మీద సీబీఐ విచారణ కోరింది. ప్రభుత్వ యంత్రాంగం తప్పు చేసిందని చెప్పడానికి నందిగామ కుర్రాడు కొత్తగా రుజువు తేవాల్సిన పనిలేదు, హైకోర్టు రికార్డులోనే ఉంది. రాష్ట్రం విడిపోయింది, హైకోర్టు అమరావతికి వచ్చింది, ఇబ్రహీంపట్నం, నందిగామ ఇప్పుడు ఎన్టీఆర్ జిల్లాలో ఉన్నాయి. బాధ్యత మాత్రం ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వానిదే. పరిహారానికి కేబినెట్ నిర్ణయం, ఒక జీవో చాలు. తెనాలి తల్లిదండ్రులకు నివేదిక ప్రతి ఇవ్వడానికీ, బిడ్డ అవశేషాలు అప్పగించడానికీ కోర్టు ఉత్తర్వు చాలు. ఈ రెండు పనుల్లో దేనికీ కొత్త చట్టం వచ్చేదాకా ఆగక్కర్లేదు.