కప్పు వంతెనకు కప్పు ఎవరి కోసం? అపోహలు - వాస్తవాలు

అక్టోబరులో ఆకుల రంగులు చూడ్డానికి అమెరికా ఈశాన్య మూల న్యూ ఇంగ్లండ్ వచ్చే మనవాళ్లు, ఇంటిలా పైకప్పున్న పాత చెక్క వంతెన కార్నిష్-విండ్సర్ దగ్గర కారాపి అడిగేది ఒకటే: "దారి మీద మంచు పడకుండా కప్పేశారా?" ఎన్నిసార్లు చెప్పినా ఈ ప్రశ్న ఆగదు.

కాదండీ. చలికాలంలో చక్రాల బండ్లు కాదు, స్లెడ్జి బండ్లు నడిచేవి. అవి జారాలంటే కింద మంచుండాలి. అందుకే కూలి ఇచ్చి మరీ బయటి మంచును తెచ్చి వంతెన లోపల పరిపించేవారు.

కప్పు ఉన్నది ట్రస్ కోసం. రెండు పక్కలా గోడల్లా నిలబడ్డ ఆ చెక్క అల్లికే బరువంతా మోస్తుంది. అది తడవకూడదు. ఫిలడెల్ఫియాలో షూల్‌కిల్ నది మీది వంతెన (1805) కట్టిన తిమోతీ పామర్ ఆనాడే చెప్పాడు: కప్పకపోతే 10-12 ఏళ్లలో పాడవుతుంది, బాగా కప్పితే 30-40 ఏళ్లుంటుంది అని. కార్నిష్-విండ్సర్ కట్టింది 1866లో. రెండు స్పాన్లు (ఒక ఆధారం నుంచి ఇంకో ఆధారం దాకా ఉండే భాగాలు), మొత్తం 449 అడుగులు.

అన్నిటికన్నా నష్టం చేసే అపోహ: "కప్పు అందానికేగా, కాస్త కారితే వచ్చే ఏడు చూద్దాం."

చెక్కలో చెమ్మ 20 శాతం లోపుంటే కుళ్లు పట్టదు. 28-30 శాతం దాటి అలాగే నిలిచిందంటే శిలీంధ్రం పని మొదలుపెడుతుంది. ముందు పోయేది మనకు కనబడే ముఖం కాదు. అల్లికలో దూలం మీద దూలం అదుముకునే చోట నీళ్లు దూరితే ఆరవు. ఇంకో చోటు, కింది కార్డ్ (ట్రస్ అడుగున పొడవునా సాగే దూలం) చివరలు. టైర్లు తెచ్చిన మట్టి, ఉప్పు అబట్‌మెంట్ (వంతెన కొసను మోసే ఒడ్డు కట్టడం) మీద పేరుకుని తడిగుడ్డలా చెక్కను అంటిపెట్టుకుని ఉంటాయి. ఏటా ఆ మట్టి ఊడ్చేస్తే చాలు, బోలెడు ఖర్చు తప్పుతుంది.

చూసే పద్ధతి కష్టమేం కాదు. సుత్తితో తట్టండి: గట్టి చెక్క ఖంగుమంటుంది, కుళ్లినది డొల్లగా, మందంగా మోగుతుంది. మొనదేలిన చీలతో గుచ్చి పైకి లేపండి: మంచి చెక్కయితే పొడుగాటి పేడు లేస్తుంది, చెడిందైతే అడ్డంగా పుటుక్కున తెగుతుంది. ఆ తర్వాతే మీటరుతో చెమ్మ కొలవాలి. బాగు చేయడానికీ ఒక వరస ఉంది. ముందు కప్పు, తర్వాత నీరు పోయే దారి, ఆఖరున చెక్క. ఈ వరస తప్పితే కొత్తగా వేసిన అతుకూ కుళ్లుతుంది. కుళ్లు కనబడిన అంచు దగ్గరే కోత ఆపకండి. పొడవు వెంట ఇంకో 2 అడుగులు తీసేయాలి, శిలీంధ్రం పోగులు అంతదాకా పాకి ఉంటాయి. తడి చెక్క మీద దట్టంగా రంగు పూయడం, గాలి కోసం వదిలిన సందులు మూసేయడం చేటు. చెమ్మను లోపలే పెట్టి తలుపేసినట్టే.

"ఒక్క ఇనుప ముక్కా లేకుండా కట్టారు" అన్నది అన్ని వంతెనలకీ వర్తించదు. టౌన్ లాటిస్ అనే, పలకలు ఏటవాలుగా అడ్డదిడ్డంగా అల్లిన ట్రస్‌ను చెక్క చీలలతో బిగిస్తారు, నిజమే. 1840లో పేటెంటైన హౌ ట్రస్ అనే మరో రకంలో మాత్రం నిలువు కడ్డీలు ఇనుమువే.

"పాతది కదా, ఎక్కితే కూలుతుందేమో" అని పిల్లల చెయ్యి పట్టుకుని బిక్కుబిక్కుమంటూ నడిచేవాళ్లను చూస్తే జాలేస్తుంది. ఆ కిరకిరలు ఎక్కువగా నేల పలకలవి, ట్రస్‌వి కావు. కార్నిష్-విండ్సర్ వంతెనను 1988-89లో అతికించిన పొరల దూలాలు వాడి గట్టిపరిచారు. బరువు, ఎత్తు హద్దులు ద్వారం దగ్గర బోర్డు మీద ఉంటాయి. భయపడాల్సింది నడిచేవాళ్లు కాదు, ఎత్తు చూసుకోకుండా దూరే అద్దె ట్రక్కు వాళ్లు. బండి పైభాగం అడ్డ దూలాలకు తగిలితే, రెండు ట్రస్‌లనూ నిటారుగా పట్టి ఉంచే బిగింపే దెబ్బతింటుంది.