షార్ట్రూజ్ కొరత వెనక 1903 నాటి కథ

ఫ్రాన్స్ ఆల్ప్స్ కొండల్లో కార్తూసియన్లనే క్యాథలిక్ సన్యాసులు తయారుచేసే షార్ట్రూజ్ మద్యం దొరకడం లేదన్న గోల మళ్లీ మొదలైంది. ఉత్పత్తి పెంచకూడదని ఈ సన్యాసుల సభ 2019లోనే నిర్ణయించుకుంది. 2023 మొదట్లో ఆ సంగతి బయటికి పొక్కేసరికి అమెరికా బార్లలో టెన్షన్. ఇంత గిరాకీ ఉంటే సరుకు ఆపడమేంటన్నది బార్లవాళ్ల ఫిర్యాదు.

1084లో సెయింట్ బ్రూనో గ్రెనోబుల్ దగ్గర మఠం పెట్టడం, 1605లో సన్యాసుల చేతికొచ్చిన రెసిపీ రాతప్రతి, మద్యంలో పడే 130 మూలికలు... ఇదంతా తెలిసిన కథే. అసలు మలుపు 1903 ఏప్రిల్‌లో వచ్చింది. మత సభలు ప్రభుత్వ అనుమతి తీసుకోవాలన్న 1901 నాటి సంఘాల చట్టం కింద సభకు అనుమతి నిరాకరించిన ప్రభుత్వం సైనికులను పంపి మఠం ఖాళీ చేయించింది. డిస్టిలరీని, ట్రేడ్‌మార్కును లాక్కుని అమ్మేసింది. ఫార్ములా మాత్రం చిక్కలేదు.

సన్యాసులు స్పెయిన్‌లోని టారగోనా చేరి అదే మద్యం కాయడం మొదలుపెట్టారు. సొంత పేరు వాడుకునే వీల్లేక లేబుల్ మీద ఆ ఊరి పేరు వేసుకున్నారు. ఫ్రాన్స్‌లో తాగేవాళ్లు 'ఒక టారగోనా' అని అడిగేవారు! ఫ్రాన్స్ చట్టం తమ దేశంలో చెల్లదంటూ 1911లో అమెరికా సుప్రీంకోర్టు అక్కడి ట్రేడ్‌మార్కు హక్కులను సన్యాసులకే ఉంచింది. పేరు కొనుక్కున్న ఫ్రెంచ్ కంపెనీ 1929కల్లా దివాలా తీసింది. దాని షేర్లను స్థానిక వ్యాపారులు కారుచౌకగా కొని మఠానికే ఇచ్చేశారు.

భవనం, బ్రాండు, మార్కెట్ అన్నీ పోయినా బతికిన వాళ్లకు ఇప్పుడు ఆర్డర్లు పోతాయని భయమెందుకు? వాళ్ల రోజు ఎలా గడుస్తుందో చూస్తే ఇంకా బాగా అర్థమవుతుంది. ఫాదర్లు ఒక్కొక్కరికీ విడిగా చిన్న ఇల్లు, దానికో తోట. తలుపు పక్క గోడలోని చిన్న కిటికీలోంచి భోజనం లోపలికి వస్తుంది. మాంసం ముట్టరు. అర్ధరాత్రి లేచి చర్చిలో గంటల తరబడి ప్రార్థన. మనసు విప్పి మాట్లాడుకునేది వారానికోసారి, అందరూ కలిసి నడకకు వెళ్లినప్పుడు. పూర్తి రెసిపీ తెలిసినవాళ్లు ఇద్దరు ముగ్గురికి మించరు. డిస్టిలరీ పెరిగితే ఆ కొద్దిమంది ఏకాంతమే కరిగిపోతుంది.

కొండల పర్యావరణాన్ని కాపాడటం కూడా ఒక కారణమని వాళ్లు చెబుతున్నారు. ఏటా దాదాపు 16 లక్షల సీసాల దగ్గర ఆగి, ఏ దేశానికెంతో కోటా కట్టి పంపుతున్నారు.