ఒప్పుకుంది తీయడానికా, పంచడానికా?

ఫిలిప్పీన్స్‌లో మళ్లీ అదే తంతు. ఎవరిదో పడకగది వీడియో బయటికి రావడం, గంటలో లింకు వెయ్యి చేతులు మారడం, "తీయించుకున్నప్పుడు లేని సిగ్గు ఇప్పుడెందుకు" అని ఆ అమ్మాయినే ఆడిపోసుకోవడం. అక్కడ ఇలాంటి వీడియోలకి వాడుకలో ఉన్న పేరే స్కాండల్. ఇష్టపడి తీసుకున్నా, దొంగచాటుగా తీసినా, ఎవడో కాజేసి పెట్టినా అన్నిటికీ ఆ ఒక్క మాటే. మన 'సిగ్గులేనిది' లాంటి తిట్టు వాళ్లకీ ఉంది, 'వలాంగ్ హియా' అంటారు, అది ఎవరి మీద పడుతుందో వేరే చెప్పక్కర్లేదు.

అసలు కథ 2009 మేలో ఉంది. హేడెన్ కో అనే డాక్టరు తనతో ఉన్న ఆడవాళ్లని తీసిన వీడియోలు నెట్‌లోకీ, మనీలాలోని కియాపో సందుల్లో అమ్మే దొంగ డీవీడీల్లోకీ ఎక్కేశాయి. వాళ్లలో ఒక నటి దాక్కోకుండా సెనేట్ విచారణకి వచ్చి, తనకి తెలియకుండా తీశాడని అందరి ముందూ చెప్పింది. (పేరు రాయను. వెతికితే ఇప్పటికీ క్షణంలో దొరుకుతుంది, బాధంతా అదే కదా.) బయటపెట్టింది తాను కాదన్నది అతని వాదన. విచారణ మధ్యలో ఒక మాజీ పోలీసు వచ్చి అతని నెత్తిన నీళ్లు కుమ్మరించాడు. ఆ నవంబరులో అతని వైద్య లైసెన్సు రద్దయింది. ఆమె పెట్టిన కేసు మాత్రం 2010లో పాసిగ్ కోర్టు కొట్టేసింది. ఆమె గొడవతో ఊపందుకుని వచ్చిన చట్టం, అంతకుముందు జరిగినదానికి వర్తించదు కాబట్టి, ఆమెకే అక్కరకు రాలేదు.

ఆ చట్టం నంబరు 9995, అధ్యక్షురాలు అరోయో 2010 ఫిబ్రవరిలో సంతకం పెట్టారు. ఈనాటి గొడవకి జవాబు అందులోనే ఉంది: తీయడానికి ఒప్పుకున్నా సరే, రాతపూర్వకంగా ఒప్పుకోకపోతే పంచడం నేరమే. (మన శిక్షాస్మృతిలోకి దాదాపు ఇదే మాట 2013లో వచ్చింది.) అయితే ఫిలిప్పీన్స్‌లోనే 2012 సైబర్ నేరాల చట్టం మళ్లీ వెనక్కి నడిచింది. అందులోని సైబర్‌సెక్స్ సెక్షన్ ఒప్పుదల సంగతి అడగదు, డబ్బుకో ప్రతిఫలానికో 'అసభ్యంగా' కనబడ్డారా అని చూస్తుంది. 2014లో అక్కడి సుప్రీంకోర్టు దాన్నీ నిలబెట్టింది.

సరే, లింకు అడిగేవాళ్ల కోసం 9995లో ఇంకో ముక్క. కియాపోలో డీవీడీ అమ్మినవాడికీ, ఫోన్‌లో ముందుకి తోసినవాడికీ శిక్ష ఒకటే, 3 నుంచి 7 ఏళ్ల జైలు, లేదా లక్ష నుంచి 5 లక్షల పెసోల జరిమానా, లేదా రెండూ.