ఆదోని జిల్లా డిమాండ్: 1953లో గీసిన గీత

ఆదోనిని ప్రత్యేక జిల్లా చేయాలన్న డిమాండ్ మళ్లీ రాజుకుంది. ఆదోని కోట, పత్తి వ్యాపారం తెలియనివారు లేరు కనుక వాటి జోలికి పోకుండా, ఇక్కడి జనం నేటికీ పూడ్చుకోలేకపోతున్న 1953 నాటి విభజన గురించే చెప్పుకోవాలి.

ఆ ఏడాది అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం ఏర్పడిన రోజునే, అప్పటిదాకా ఆదోని ఉన్న బళ్లారి జిల్లా చీలిపోయింది. బళ్లారి మైసూరు రాష్ట్రానికి (నేటి కర్ణాటక) పోగా ఆదోని, ఆలూరు తాలూకాలు కర్నూలులోనూ, రాయదుర్గం అనంతపురంలోనూ కలిశాయి. చుట్టరికాలు, పెళ్లి సంబంధాలు ఆ వైపే మిగిలినా, కచేరీ పనికి మాత్రం దాదాపు వంద కిలోమీటర్ల దూరంలోని కర్నూలే దిక్కయింది. హొస్పేట దగ్గరి తుంగభద్ర డ్యామ్ కూడా సరిహద్దుకు అవతలే ఉండిపోయింది. మొదట 133 టీఎంసీలు పట్టిన ఆ జలాశయం పూడికతో 105 టీఎంసీల స్థాయికి కుంచించుకుపోయింది. దిగువ కాలువ నీళ్లు కర్ణాటక పొలాలు దాటుకొని వచ్చేసరికి చివరి ఆయకట్టు రైతుకు ఎదురుచూపే మిగులుతోంది.

ఆ ఎదురుచూపులో నుంచే ‘సుగ్గి’ (కోతల కాలపు కూలి) వలస పెరిగింది. పత్తి తీతలు ముగియగానే కోసిగి, కౌతాళం, పెద్దకడుబూరు మండలాల కుటుంబాలు మిరప కోతలకు గుంటూరు వైపు బయలుదేరుతాయి. తాళాలు పడిన వీధిలో ముసలివాళ్లు, బడి మానలేని పిల్లలు మిగులుతారు. పగలంతా తోటలో ఉన్న కొడుకు పొద్దుపోయాక ఫోను చేసేదాకా తల్లి అన్నం ముందు కూర్చోదు. చేశాక కూడా కూలి ఎంత ముట్టిందని అడగదు, ఎప్పుడొస్తావనే అడుగుతుంది.

2022 ఏప్రిల్ 4న కర్నూలు నుంచి నంద్యాల విడిపోయినప్పుడు ఈ పశ్చిమ ప్రాంతం మాట చెల్లలేదు. లోక్‌సభ నియోజకవర్గం ప్రాతిపదికగా జిల్లాలు ఏర్పాటు చేశామని, ఆదోని కర్నూలు నియోజకవర్గంలోనే ఉందని నాటి ప్రభుత్వ వాదన. కొత్త జిల్లా అంటే ఖర్చన్నది మరో అభ్యంతరం.

ఖర్చు లెక్క ఇక్కడివాళ్లకూ ఉంది. సోమవారం కలెక్టరుకు అర్జీ ఇవ్వాలంటే కౌతాళం మనిషి తెల్లవారకముందే బస్సెక్కాలి, ఆ రోజు కూలి వదులుకోవాలి. అర్జీ ఏమైందో తెలుసుకోవడానికి మళ్లీ అంత దూరమూ వెళ్లాలి. కలెక్టరేట్ వచ్చినంత మాత్రాన కాలువలో నీళ్లు పారవని వాళ్లకూ తెలుసు. ఆ నీళ్ల కోసం కొట్లాడే అధికారి తమ మధ్య ఉండాలన్నదే వాళ్ల కోరిక.